ఇనుప కొండల చిరునామా చెప్పిన ప్రమథనాథ్ బోస్

1904 ఫిబ్రవరి 24. ప్రభుత్వ కొలువు విడిచిపెట్టి కొద్దికాలమే అయిన నలభై ఎనిమిదేళ్ల బెంగాలీ భూగర్భ శాస్త్రవేత్త ఒకరు, ఉక్కు కర్మాగారం స్థాపించాలన్న సంకల్పంతో ఉన్న జంషెడ్జీ టాటాకు ఒక ఉత్తరం రాశారు. మయూర్‌భంజ్ సంస్థానంలోని గోరుమహిసాని కొండల్లో మేలైన ఇనుప ఖనిజం అపారంగా ఉందని, ఝరియా బొగ్గు గనులు కూడా అందుబాటు దూరంలోనే ఉన్నాయని అందులో తెలియజేశారు. భారతదేశ పారిశ్రామిక చరిత్రను మలుపు తిప్పిన పత్రాల్లో అది ఒకటి. రాసినవారు ప్రమథనాథ్ బోస్. ఉత్తరం అందుకున్నవారి పేరుమీద ఒక మహానగరం వెలసింది. రాసినవారి పేరు మాత్రం ఆ నగరం వెలుపల ఈనాడు ఎక్కువమందికి తెలియదు.

గైపూర్ నుంచి లండన్ దాకా

బోస్ 1855 మే 12న బెంగాల్‌లోని గోబర్‌డాంగా సమీపాన గైపూర్ గ్రామంలో జన్మించారు. కృష్ణనగర్ కళాశాలలోను, ఆపైన కలకత్తా సెయింట్ జేవియర్స్ కళాశాలలోను చదివారు. 1874లో గిల్‌క్రిస్ట్ ఉపకార వేతనం లభించింది. పందొమ్మిదేళ్ల వయసులో ఓడ ఎక్కి లండన్ చేరుకున్నారు. అక్కడి విశ్వవిద్యాలయం నుంచి సైన్స్ పట్టా పుచ్చుకున్నారు. బ్రిటన్‌లో ఆ శాస్త్ర పట్టా పొందిన తొలి భారతీయుల్లో ఆయన ఒకరు. ఆ తరువాత రాయల్ స్కూల్ ఆఫ్ మైన్స్‌లో గనుల శాస్త్రం, శిలాజ శాస్త్రం అభ్యసించారు. శివాలిక్ కొండల్లో దొరికిన ప్రాచీన మాంసాహార జంతువుల శిలాజాలపై ఆయన చేసిన పరిశీలన ఆ రోజుల్లోనే పండితుల దృష్టికి వచ్చింది.

1880లో భారత భూగర్భ సర్వేక్షణ సంస్థలో ఉన్నత శ్రేణి అధికారిగా నియమితులయ్యారు. 1851లో బొగ్గు అన్వేషణే ప్రధాన లక్ష్యంగా మొదలైన ఆ సంస్థలో అంతకుముందు భారతీయులు కింది స్థాయి శిక్షణార్థులుగానే పనిచేశారు. శ్రేణి కలిగిన అధికారి పదవిలో అడుగుపెట్టిన మొదటి భారతీయుడు బోసే. రెండేళ్లకు, ఆర్థిక చరిత్రకారుడిగా ఖ్యాతి గడించిన రమేశ్ చంద్ర దత్తు కుమార్తె కమలను వివాహమాడారు.

కొండలే గ్రంథాలయం

అప్పటి భూగర్భ శాస్త్రవేత్త ఉద్యోగం కుర్చీలో కూర్చుని చేసేది కాదు. వర్షాలు వెనకబట్టగానే గుడారాలు, బండ్లు, సేవకులతో బయలుదేరాలి. వేసవి ముదిరేవరకు అడవుల్లో, లోయల్లో తిరగాలి. సుత్తితో రాయి పగలగొట్టి, పొరలు ఏ దిక్కుకు వాలాయో కొలిచి, పటంమీద రంగులు నింపాలి. వానకాలంలో కలకత్తా తిరిగివచ్చి నివేదిక రాయాలి. బోస్ ఇరవై మూడేళ్లపాటు ఈ జీవితమే గడిపారు.

మొదట ఆయనకు అప్పగించిన ప్రాంతం దిగువ నర్మదా లోయ. దక్కను లావా పొరల కింద, ఒకప్పటి సముద్రపు అడుగున పేరుకున్న బాఘ్ సున్నపురాళ్లను, వాటిలోని శిలాజాలను పరిశీలించి రాసిన నివేదికను సర్వేక్షణ సంస్థ 1884లో ప్రచురించింది. తరువాతి సంవత్సరాల్లో మధ్య పరగణాలు, సిక్కిం, డార్జిలింగ్, అస్సాం, బర్మా వంటి ప్రాంతాలు ఆయన కార్యక్షేత్రాలయ్యాయి. బొగ్గు, పెట్రోలియం, మాంగనీసు, రాగి, ఇనుము వంటివాటి జాడలను నమోదు చేశారు.

1887లో ఆయన సమర్పించిన ఒక వ్యాసం ప్రత్యేకంగా చెప్పుకోదగినది. అప్పటి రాయ్‌పూర్ జిల్లా పశ్చిమ భాగంలోని ఇనుప పరిశ్రమ గురించి రాసినది అది. దొండి-లోహారా జమీందారీలోని కొండల్లో ఉన్న ఇనుప ఖనిజం ఎంత శ్రేష్ఠమైనదో అందులో వివరించారు. ఆ ఖనిజాన్ని ఆయన కంటే ముందు ఎరిగినవారు అక్కడి అడవి గ్రామాల కమ్మరులే. మట్టి కొలిమి కట్టి, కట్టెబొగ్గు నింపి, తోలు తిత్తులతో ఊది వారు ఇనుము తీసేవారు. ఊరి పొలిమేరలో గుట్టలుగా పడిఉండే చిట్టెం, సమీప కొండలో ఖనిజం ఉన్నదనడానికి ఆనవాలు. బోస్ ఆ కొలిముల పనితీరును కూడా తన వ్యాసంలో నమోదు చేశారు. విదేశాలనుంచి చౌకగా దిగుమతయ్యే ఇనుము ధాటికి ఆ కొలిములు ఒక్కొక్కటే ఆరిపోతున్న కాలమది.

నేడు దల్లీ-రాజ్‌హరాగా ప్రసిద్ధమైన గనులు ఆ కొండలే. 1955లో సోవియట్ యూనియన్ సహకారంతో తలపెట్టి, 1959లో తొలి కొలిమి వెలిగించిన భిలాయ్ ఉక్కు కర్మాగారానికి దశాబ్దాలపాటు ఖనిజం అందించినవి అవే.

పందొమ్మిదవ శతాబ్ది చివరి సంవత్సరాల్లో బస్తర్ అడవుల్లోని బైలాదిలా శ్రేణిని కూడా ఆయన పరిశీలించారు. ఎద్దు మూపురంలా కనిపించే శిఖరాల వల్ల ఆ కొండలకు ఆ పేరు వచ్చింది. తెలుగు నేలకు బోస్ పరిశోధనతో నేరుగా ముడిపడే బంధం ఇక్కడే ఉంది. 1960వ దశకంలో ఆ కొండల్లో గనులు తెరుచుకున్నాయి. అరకు లోయ మీదుగా వేసిన కొత్తవలస-కిరండోల్ రైలు మార్గం గుండా ఆ ఖనిజం విశాఖపట్నం రేవుకు చేరి, అక్కడినుంచి జపాన్‌కు ఎగుమతి అయింది. విశాఖ ఉక్కు కర్మాగారానికి ఖనిజం వచ్చింది కూడా బైలాదిలా నుంచే. ఆ గనులను నిర్వహించే జాతీయ ఖనిజాభివృద్ధి సంస్థ కేంద్ర కార్యాలయం హైదరాబాద్‌లో ఉంది.

ఇనుము కొండల్లోనే ఎందుకు?

బోస్ జీవితాన్ని అర్థం చేసుకోవాలంటే, ఆయన వెతికిన ఖనిజం కొండల మీదికి ఎలా చేరిందో కొంత తెలుసుకోవాలి. గోరుమహిసాని శిలల వయసు 300 కోట్ల సంవత్సరాలకు పైమాటే. ఆ కాలపు వాతావరణంలో ప్రాణవాయువు దాదాపు లేదు. సముద్రపు అడుగున చీలికల నుంచి వెలువడే వేడినీళ్లు ఇనుమును మోసుకొచ్చేవి. ప్రాణవాయువు లేని నీటిలో ఇనుము ఉప్పులా కరిగి ఉండగలదు. సూక్ష్మజీవుల చర్యల ఫలితంగా అది ఆక్సీకరణం చెందినప్పుడు కరిగి ఉండలేక అడుగుకు దిగింది. ఒక పొర ఇనుము, దానిపైన ఒక పొర సిలికా, మళ్లీ ఇనుము. చీరకు నేసిన చారల వలె ఎరుపు, నలుపు, బూడిద రంగుల్లో ఈ పొరలు పేరుకున్నాయి. ఈ చారల రాయిలో ఇనుము సాధారణంగా మూడో వంతుకు మించదు. కొలిమికి అది చాలదు.

రెండో దశ నేలమీద జరిగింది. భూపటలపు కదలికల వల్ల సముద్రపు అడుగు ముడతలు పడి పైకి లేచింది. కోట్ల సంవత్సరాల వానలు, ఎండలు ఆ రాతిపై పనిచేశాయి. పగుళ్ల గుండా ఇంకిన నీరు సిలికాను కొద్దికొద్దిగా కరిగించి తీసుకుపోయింది. ఇనుము అక్కడే మిగిలింది. అలా చిక్కబడిన ఖనిజంలో ఇనుము 60 శాతం దాటింది. స్వచ్ఛమైన హెమటైట్‌లో ఉండగలిగేదే దాదాపు 70 శాతం. ప్రకృతి ఎంత ఓపికగా శుద్ధి చేసిందో దీన్నిబట్టి ఊహించవచ్చు.

గట్టిపడిన ఇనుప రాయి కోతకు లొంగదు. చుట్టూ ఉన్న మెత్తని శిలలు అరిగి లోయలైపోగా, ఇనుప టోపీ ధరించిన భాగం మాత్రం ఎత్తుగా నిలిచింది. అంటే కొండ ఉన్నచోట ఇనుము చేరలేదు. ఇనుము ఉన్నందువల్లే అది కొండగా మిగిలింది. అంచుల నుంచి విరిగిపడ్డ దిమ్మలు పల్లపు నేలల్లో చెల్లాచెదురుగా పడి ఉంటాయి. బరువైన ఆ రాళ్ల జాడ పట్టుకుని వాలు వెంట పైకి ఎక్కడమే అన్వేషకుడి పద్ధతి.

అన్ని లోహాలూ ఇలాగే పుట్టవు. 1891లో బోస్ సిక్కిం భూగర్భం గురించి ప్రచురించిన నివేదికలో రాగి నిక్షేపాల ప్రస్తావన ఉంది. హిమాలయ ఏటవాళ్లలో పలకలు పలకలుగా విడిపోయే శిలల మధ్య, రాగి, ఇనుము, గంధకం కలిసిన చాల్కోపైరైట్ అక్కడ సన్నని పోగుల్లా, మచ్చల్లా దొరుకుతుంది. ఇటువంటి ఖనిజాన్ని మోసుకొచ్చి నిలిపేవి భూగర్భంలో సంచరించే వేడినీళ్లు. పర్వతాలు లేచేటప్పటి ఒత్తిడి, వేడి దాన్ని మళ్లీ నలిపి, మడిచి, చెదరగొడతాయి. అందువల్ల ఇనుప కొండను దూరం నుంచే గుర్తించవచ్చు గాని, రాగి పోగును సొరంగం తవ్వి వెంబడించాలి. సిక్కింలో నేపాలీ గని కార్మికులు చేసినది అదే.

తప్పిన పదవి

1903లో సర్వేక్షణ సంస్థ అధిపతి పదవి ఖాళీ అయింది. బోస్‌కు అప్పటికి ఇరవై మూడేళ్ల అనుభవం ఉంది. ఆ పదవి ఆయన కంటే పదేళ్లు ఆలస్యంగా, 1890లో ఉద్యోగంలో చేరిన థామస్ హెన్రీ హాలండ్‌కు దక్కింది. హాలండ్ సామాన్యుడు కాడు. మద్రాసు సమీపంలోని పరంగిమలైలో, మన తూర్పు కనుమల్లో విస్తారంగా కనిపించే శిలకు చార్నోకైట్ అని పేరుపెట్టి శాస్త్రలోకానికి పరిచయం చేసినవారు ఆయనే. అయినా సేవాకాలంలో అంత వెనుక ఉన్నవారిని పైకి తీసుకురావడం వెనుక జాతి భేదం ఉందన్న భావన నాటి విద్యావంతుల్లో బలంగా నాటుకుంది. ఒక భారతీయుడి కింద ఐరోపా అధికారులు పనిచేసే స్థితిని వలస ప్రభుత్వం ఆనాటికి ఊహించనైనా లేదు.

బోస్ వాదులాటకు దిగలేదు. ఉద్యోగం నుంచి తప్పుకున్నారు.

ఆ నిర్ణయం ఆయన జీవితాన్నే కాక దేశపు ఆర్థిక భూపటాన్ని కూడా మార్చింది. మయూర్‌భంజ్ మహారాజు శ్రీరామచంద్ర భంజ్‌దేవ్ తన సంస్థానంలోని ఖనిజాలను పరిశీలించడానికి ఆయనను ఆహ్వానించారు. సంస్థానపు అడవుల్లో తిరుగుతూ గోరుమహిసాని చేరుకున్నారు బోస్. కొండ వాలుల నిండా ఇనుప దిమ్మలు పరుచుకుని ఉన్నాయి. ఇరవై మూడేళ్లలో తాను చూసిన నిక్షేపాలతో పోల్చగల అనుభవం ఆయనకు ఉంది. బొగ్గు ఎంత దూరంలో ఉందో, రవాణాకు ఎలాంటి నేల అనువో కూడా తెలుసు. అప్పుడు రాసిందే ఆ ఉత్తరం.

రెండుసార్లు అదే పేరు

ఆ సమయానికి టాటా బృందం మధ్య పరగణాల్లో వెతుకుతోంది. జంషెడ్జీ కుమారుడు దొరాబ్జీ నాగపూర్‌లో ఒక అధికారిని కలవడానికి వెళ్లి, ఎదురుచూస్తూ పక్కనున్న మ్యూజియంలోకి అడుగుపెట్టారు. అక్కడి భూగర్భ పటంలో దుర్గ్ ప్రాంతాన ఇనుమును సూచించే ముదురు రంగు ఆయన కంటపడింది. ఆ పటం వెంట వెళ్లిన అమెరికన్ నిపుణులు చార్లెస్ పేజ్ పెరిన్, సి.ఎం. వెల్డ్ దల్లీ-రాజ్‌హరా కొండలను చూశారు. పదిహేడేళ్ల కిందట బోస్ వర్ణించిన కొండలే అవి. ఖనిజం అద్భుతంగా ఉంది గాని, కోకింగ్ బొగ్గు దూరం, సరిపడా నీరు లేదు. అందువల్ల ఆ ఆలోచన విరమించుకున్నారు.

ఉక్కుకు ఖనిజం ఒక్కటే చాలదు. బొగ్గు, సున్నపురాయి, నీరు, రైలు మార్గం ఒకదానికొకటి దగ్గరగా ఉండాలి. ఈ లెక్క తెలిసినవారు గనుకనే బోస్ తన ఉత్తరంలో ఝరియా బొగ్గును కూడా ప్రస్తావించారు. జంషెడ్జీ టాటా 1904 మే 19న జర్మనీలో కన్నుమూశారు. గోరుమహిసాని కొండను ఆయన చూడనేలేదు. పెరిన్, వెల్డ్ అక్కడికి వెళ్లి బోస్ మాటను నిర్ధారించారు. మయూర్‌భంజ్ మహారాజు ఉదారమైన షరతులతో గనుల హక్కులు ఇచ్చారు. సంస్థానానికి, కంపెనీకి మధ్య వారధిగా బోస్ వ్యవహరించారు.

1907 ఆగస్టు 26న టాటా ఐరన్ అండ్ స్టీల్ కంపెనీ ఏర్పడింది. కర్మాగారానికి సువర్ణరేఖ, ఖర్కాయ్ నదుల సంగమం చెంత సక్చి అనే పల్లెను ఎంచుకున్నారు. 1911 డిసెంబర్‌లో అక్కడ మొదటి ఇనుము కరిగింది. 1912 ఫిబ్రవరిలో మొదటి ఉక్కు దిమ్మ తయారైంది. మొదటి ప్రపంచ యుద్ధంలో ఆ ఉక్కు రైలు పట్టాలుగా మారి మెసపొటేమియా, ఈజిప్టు దాకా వెళ్లింది. 1919లో వైస్రాయ్ చెమ్స్‌ఫర్డ్ సక్చికి జంషెడ్‌పూర్ అని నామకరణం చేశారు.

ఈ కథకు మరొక పార్శ్వం ఉంది. ఆ కొండలూ అడవులూ నిర్జనం కావు. సంతాలులు, హో ప్రజలు తరతరాలుగా నివసించే నేల అది. రైలు, గని, కొలిమి వచ్చాక వారిలో అనేకులు తమ సొంత గడ్డపైనే దినకూలీలయ్యారు. భూగర్భ పటంలో ఒక రంగు మచ్చ, కొండ కింది పల్లెకు ఎంత మార్పు తెస్తుందో చెప్పడానికి ఈ ప్రాంత చరిత్ర ఒక ఉదాహరణ.

గురువుగా, విమర్శకుడిగా

రాళ్లు చదివినంత శ్రద్ధగా బోస్ సమాజాన్నీ చదివారు. ఉద్యోగంలో ఉండగానే బ్రిటిష్ పాలనలో హిందూ నాగరికత చరిత్రను మూడు సంపుటాలుగా 1890వ దశకంలో ప్రచురించారు. దేశంలో పరిశ్రమలు ఎదగాలంటే సాంకేతిక విద్య అవసరమని చాలాకాలంగా వాదించారు. 1905 బెంగాల్ విభజన తరువాత స్వదేశీ ఉద్యమం ఉధృతమైనప్పుడు ఆ వాదనకు కార్యరూపం లభించింది. 1906 జులైలో కలకత్తాలో బెంగాల్ టెక్నికల్ ఇన్‌స్టిట్యూట్ మొదలైంది. దానికి మొదటి ప్రిన్సిపాల్ బోస్. ఆ సంస్థే క్రమంగా పెరిగి, 1955లో జాదవ్‌పూర్ విశ్వవిద్యాలయంగా రూపొందింది. విదేశీ నిపుణుడి కోసం ఎదురుచూసే అవసరం రేపటి తరానికి ఉండకూడదన్నది ఆయన ఆశయం. తనకు ఎదురైన అవమానానికి ఆయన ఇచ్చిన సమాధానం ఆ తరగతి గదులే.

చరమ దశలో ఆయన రాంచీలో స్థిరపడ్డారు. ఆ రోజుల్లో రాసిన పుస్తకాలు చదివేవారిని ఆశ్చర్యపరుస్తాయి. 1913లో నాగరికతల దశల గురించి, 1916లో నవభారత భ్రమల గురించి గ్రంథాలు వెలువరించారు. దేశానికి భారీ పరిశ్రమ పునాది చూపించిన వ్యక్తే, పాశ్చాత్య యంత్ర నాగరికతను గుడ్డిగా అనుకరించడం శ్రేయస్కరం కాదని వాదించారు. సంపద, వినియోగం పెరగడమే ప్రగతి కాదన్నది ఆయన తేల్చిన అభిప్రాయం. దీన్ని వైరుధ్యంగా భావించేవారు ఉండవచ్చు. యవ్వనంలో ఆరిపోతున్న పల్లె కొలిములను, మధ్యవయసులో వెలిగిన మహాకొలిమిని రెండింటినీ దగ్గరగా చూసిన మనిషి చేరుకున్న నిర్ణయంగా చూస్తే అది అంత వింతగా తోచదు.

1934లో ప్రమథనాథ్ బోస్ కన్నుమూశారు. ఆయన కుమారుడు మధు బోస్ చలనచిత్ర దర్శకుడిగా, కోడలు సాధనా బోస్ నర్తకిగా, నటిగా పేరుపొందారు. స్వాతంత్ర్యానంతరం భారత భూగర్భ సర్వేక్షణ సంస్థకు భారతీయులే అధిపతులయ్యారు. 1903లో మూసుకున్న తలుపు అలా తెరుచుకుంది.

జంషెడ్‌పూర్‌లో ఆయన విగ్రహం ఉంది. టాటానగర్ నుంచి బదాంపహాడ్ వెళ్లే రైలు మార్గం మయూర్‌భంజ్ కొండల వైపు ఇప్పటికీ సాగుతోంది. రాష్ట్రపతి ద్రౌపది ముర్ము స్వస్థలమైన రాయ్‌రంగ్‌పూర్ ఆ దారిలోనే వస్తుంది. పశ్చిమాన దల్లీ-రాజ్‌హరా, దక్షిణాన బైలాదిలా, తూర్పున గోరుమహిసాని. సంకేతాల కోసం సుత్తి పట్టి కొండలెక్కిన ఒకే మనిషి పాదముద్రలు ఈ మూడింటిపైనా ఉన్నాయి. విశాఖ రేవుకు ఎర్రటి ధూళితో వచ్చే గూడ్సు రైలును చూసినప్పుడైనా, ఆ ఖనిజం మొదటి జాడను కాగితంమీద పెట్టిన ప్రమథనాథ్ బోస్‌ను తలచుకోవడం న్యాయం.